కానుగ నీడలో గోధుమరంగు సీతాకోకచిలుక



ఈ పూట మీకు ఒక సీతాకోకచిలుకను పరిచయం చేస్తాను. మార్కాపురం, కంభం, గిద్దలూరు చుట్టుపక్కల ఉండేవాళ్లకు ఇది ఎప్పుడో ఒకప్పుడు ఎదురుపడే ఉంటుంది. అయినా సీతాకోకచిలుకను చూశామని ఎవరూ చెప్పరు. ఎండకు కానుగ చెట్టు కిందికి పోతాం. భుజానికి కొమ్మ తగులుతుంది. గోధుమరంగు పురుగొకటి చివుక్కున లేచి, చూపుకు అందకుండా అటూ ఇటూ తిరిగి, ఇంకో ఆకు అడుగున చేరి కనిపించకుండా పోతుంది. ఏదో రెక్కల పురుగులే అనుకుని మన పనిలో మనం పడతాం.

అలా అనుకోవడంలో ఆశ్చర్యం లేదు. పడమటి ప్రకాశం రైతుకు రెక్కల పురుగుతో ఉన్న పరిచయం నష్టాల పరిచయం. కందిని, పత్తిని తినే శనగపచ్చ పురుగుకూ, పొగాకును, మిరపను తినే లద్దె పురుగుకూ తల్లి పురుగులు రాత్రిపూట తిరిగే శలభాలే. పొలంలో లింగాకర్షక బుట్టలు కట్టి, పొద్దున్నే అందులో ఎన్ని మగ పురుగులు పడ్డాయో చూసుకుని మందు సంగతి ఆలోచించే రైతు, మట్టిరంగు రెక్కలు కనబడగానే అనుమానపడతాడు. సీతాకోకచిలుక అంటే మన మనసులో మెదిలేది వేరు. పసుపు, ఎరుపు, నీలం రంగులతో పట్టపగలు పూల మీద వాలేదే మనకు సీతాకోకచిలుక. చీకటిగా, లావుగా, ఆకుల చాటున ఉండేదాన్ని ఆ వరసలో కూర్చోబెట్టడానికి మనసు ఒప్పుకోదు.

కానీ ఇది నూటికి నూరుపాళ్లూ సీతాకోకచిలుకే. తెలుగులో దీనికంటూ నలుగురి నోళ్లలో స్థిరపడిన పేరు లేదు. ఇంగ్లీషులో కామన్ బ్యాండెడ్ ఆల్ అంటారు. శాస్త్రవేత్తలు వాడే పేరు హసోరా క్రోమస్. పీటర్ క్రామర్ అనే డచ్చి వర్తకుడు దేశదేశాల సీతాకోకచిలుకలకు రంగుల బొమ్మలు వేయించి ఒక పెద్ద గ్రంథం మొదలుపెట్టాడు. 1780లో వెలువడిన భాగంలో ఇది పుస్తకానికెక్కింది. అప్పటికి క్రామర్ పోయి నాలుగేళ్లు. మిగిలిన పనిని కాస్పర్ స్టోల్ అనే ఆయన ముందుకు నడిపాడు. మన బస్టాండు దగ్గర చెట్టులో తిరిగే పురుగుకు ఇంత చరిత్ర ఉందని తెలిసినప్పటి నుంచి దాని మీద నాకు గౌరవం పెరిగింది.

సరే, గుర్తుపట్టడం ఎలా?

మొదటి సంగతి, రెక్కలను వదిలిపెట్టి తలను చూడాలి. నేను ముఖ్యంగా చెప్పదలచుకున్నది ఈ ఒక్కటే. రంగును నమ్ముకుంటే మోసపోతాం. కళ్లు చెదిరే రంగులున్న శలభాలున్నాయి, పగలు తిరిగే శలభాలూ ఉన్నాయి. జనుము, గిలిగిచ్చ చెట్ల దగ్గర పట్టపగలే ఎగిరే ఒక చిన్న తెల్ల శలభం రెక్కల నిండా ఎర్రచుక్కలూ నల్లచుక్కలూ ఉంటాయి. దాన్ని చూసి సీతాకోకచిలుక అనేస్తాం. మీసాలు చూస్తే తెలిసిపోతుంది. శలభం మీసం మొదలు నుంచి కొస దాకా సన్నటి దారంలా సాగిపోతుంది, లేదంటే ఈకలా రెండు పక్కలా చీలి ఉంటుంది. సీతాకోకచిలుక మీసం కొసకు వచ్చేసరికి ఉబ్బి గుండులా లావవుతుంది.

మన కానుగ సీతాకోకచిలుక మీసంలో ఇంకో మెలిక ఉంది. కొస దగ్గర లావైన తరువాత అక్కడితో ఆగకుండా మళ్లీ సన్నబడి, గాలం ముల్లులా వెనక్కి వంగుతుంది. ఆ వంపే దాని కుటుంబం గుర్తు. స్కిప్పర్లు అని పిలిచే ఈ కుటుంబంలో ప్రపంచం మొత్తం మీద మూడున్నర వేలకు పైగా జాతులున్నాయి. వీటిలో చాలావాటికి ఈ వంపు మీసమే ఉంటుంది. రెండు మీసాల మొదళ్లూ దగ్గరదగ్గరగా కాకుండా, తల మీద ఎడంఎడంగా ఉంటాయి. తల కూడా చిన్నది కాదు, రొమ్ము భాగమంత వెడల్పు. అందుకే ఎదురుగా చూస్తే బలిష్ఠంగా, మెడ లేనట్టు కనిపిస్తుంది. శలభమని పొరబడేది ఆ లావు ఒళ్లును చూసే. నిజానికి ఆ రొమ్ములో ఉన్నదంతా రెక్కలాడించే కండ. దాని బలంతోనే అంత వేగంగా, తిన్నగా కాకుండా ఎగిరెగిరి పడుతూ పోతుంది.

ఇక కళ్లు. ఇవి పెద్దవి, నల్లవి. మామూలు సీతాకోకచిలుకల కంటిలో ఒక్కో బుల్లి కటకం తన కిందికి వచ్చిన వెలుతురును తన దగ్గరే ఉంచుకుంటుంది. పగటి వెలుతురులో అది చాలు. రాత్రి శలభాల కంటిలో చాలా కటకాల గుండా వచ్చిన వెలుతురు లోపల ఒకచోటికి చేరుతుంది కాబట్టి మసక చీకట్లోనూ చూడగలవు. స్కిప్పర్ల కళ్లు ఈ రెండో పద్ధతివి. పూర్తిగా తెల్లారకముందు, దీపాలు పెట్టే వేళ, మిగతా సీతాకోకచిలుకలు రెక్కలు ముడుచుకుని కూర్చున్నప్పుడు మన కానుగ సీతాకోకచిలుక తిరుగుతుంటుంది. మబ్బు పట్టిన రోజున పగలూ తిరుగుతుంది. ఎండ మండే మధ్యాహ్నం మాత్రం ఆకు అడుగున తల కిందులుగా, కదలకుండా ఉంటుంది. మనం కొమ్మను కదిలించేది సరిగ్గా ఆ వేళలోనే.

వాలినప్పుడు రెక్కలను వీపు మీద నిలువుగా జోడించి ఉంచుతుంది. అప్పుడు మనకు కనిపించేది రెక్కల అడుగు భాగం, జాతిని తేల్చేది కూడా ఆ భాగమే. కింది రెక్క అడుగున, గోధుమరంగు నేల మీద, నిలువునా ఒక సన్నని తెల్లపట్టీ ఉంటుంది. ఆ పట్టీకి ఒంటి వైపు అంచు కత్తితో కోసినట్టు స్పష్టంగా ఉండి, బయటి వైపు అంచు మెల్లగా చెదిరిపోయి గోధుమరంగులో కలిసిపోతుంది. తాజాగా బయటికి వచ్చినదైతే రెక్క అడుగున లేత నీలం, ఊదా కలిసిన నిగారింపు కూడా కనిపిస్తుంది. కింది రెక్క వెనక మూల కొద్దిగా సాగి, అక్కడ నల్లటి మచ్చ ఉంటుంది. రెక్కలు విప్పితే పై భాగం మగదానిలో చుక్క లేకుండా ఒట్టి ముదురు గోధుమరంగే. ఆడదాని ముందు రెక్క మీద వెలుతురు దూరిపోయేటంత పలచటి తెల్లచుక్కలు రెండుంటాయి. రెక్కలు చాపితే ఈ కొస నుంచి ఆ కొసకు దాదాపు ఐదు సెంటీమీటర్లు, అంతకు కొద్దిగా తక్కువ.

దగ్గరి చుట్టాలతో కలిసిపోకుండా రెండు మాటలు. తెల్లపట్టీ వెడల్పుగా ఉంటే అది దీని జ్ఞాతి, వైట్ బ్యాండెడ్ ఆల్. పట్టీ అసలే లేకుండా, ముందు రెక్క కత్తిలా సన్నగా పొడుగ్గా ఉంటే అది బ్రౌన్ ఆల్. ఆ జాతిది తాని లాంటి చెట్లతో బంధం. గుంపులుగా వలసపోయే అలవాటూ దానికుంది.

ఇంతవరకూ చెప్పినవన్నీ రూపురేఖలు. దీన్ని తెలుసుకోవడానికి ఇంకో మంచి దారి చెట్టు. ఈ సీతాకోకచిలుక కానుగను విడిచి ఉండదు. కానుగ మనకు కొత్త చెట్టా! దారి పక్కన, బడి ఆవరణలో, చెరువు కట్ట మీద, బావి గట్టున, ఎక్కడ నీడ కావాలన్నా మనవాళ్లు కానుగ పెట్టారు. పొద్దున్నే కానుగ పుల్లతో పళ్లు తోముకున్నవాళ్లు ఇంకా మన మధ్య ఉన్నారు. వరి మడిలో దమ్ము చేసేటప్పుడు కానుగ రొట్ట తొక్కించడం పాతతరం రైతులకు తెలిసిన పని. కానుగ నూనె దీపానికి, కానుగ చెక్క పైరుకు. ఇంత వాడుకున్న చెట్టులో ఎవరు కాపురముంటున్నారో మాత్రం మనం పట్టించుకోలేదు.

కానుగ ఆకు రాల్చి, మళ్లీ చిగురు తొడిగినప్పుడు చూడండి. లేత చిగురు మొదట ఎర్రగా, మెత్తగా, మెరుస్తూ ఉంటుంది. తరువాతే ఆకుపచ్చకు తిరుగుతుంది. ఆడ సీతాకోకచిలుక వెతికేది ఆ చిగురునే. ముదురాకు మీద వాలినట్టే వాలి లేచిపోతుంది. లేత మొగ్గ దొరికితే అక్కడ ఆగి, తోక వంచి గుడ్డు పెడుతుంది. ఒకే కొమ్మకు చాలా ఆడవి వస్తాయి కాబట్టి చిగురు నిండా గుడ్లు చేరిన కొమ్మలూ ఉంటాయి.

గుడ్డులోంచి వచ్చిన గొంగళిపురుగు మొదట చేసే పని ఇల్లు కట్టుకోవడం. లేతాకు అంచును నోటి నుంచి తీసిన పట్టుదారంతో లాగి, మడిచి, కుట్టేసుకుని లోపల కూర్చుంటుంది. పెద్దయ్యేకొద్దీ పెద్ద మడత, లేదా రెండాకులు కలిపి. కానుగ కింద నిలబడి అంచులు దగ్గరకు లాగి అతికినట్టున్న ఆకు ఒకటి తెంచి, జాగ్రత్తగా విప్పితే లోపల కనిపిస్తుంది. తల పెద్దది, తల వెనక మెడ దగ్గర నొక్కుకుపోయి సన్నం. ఇదీ స్కిప్పర్ల గుర్తే. ఒంటి రంగు అన్నింటికీ ఒకటి కాదు. కొన్ని పసుపుపచ్చగా, కొన్ని ఊదా కలిసిన నలుపుగా, వీపు పొడవునా తెల్లని గీతలతో ఉంటాయి. విప్పిన ఆకును మళ్లీ మడిచి కొమ్మ మీద పెడితే కాసేపటికే తల అటూ ఇటూ ఊపుతూ కొత్త దారాలు వేయడం మొదలుపెడుతుంది. ఆ పని చూస్తూ కూర్చుంటే పూట గడిచిపోతుంది.

ఇక్కడ మీరొకటి గమనించాలి. పురుగున్న ఆ మడతలో రెట్ట కనిపించదు. ఇన్ని ఆకులు తినే పురుగు ఇల్లు అంత శుభ్రంగా ఎలా ఉంటుంది? స్కిప్పర్ల గొంగళిపురుగులు చాలావాటికి రెట్టను దూరంగా విసిరేసే ఏర్పాటు ఒంట్లోనే ఉంది. వెనక భాగంలో ఒత్తిడి పెంచి, ఒక్కసారిగా వదిలి, గుళికను చిమ్ముతాయి. అమెరికాలో జార్జ్‌టౌన్ విశ్వవిద్యాలయానికి చెందిన మార్తా వైస్ 2003లో దీని మీద పరిశోధన ప్రచురించారు. ఆమె చూసింది అక్కడి మరో స్కిప్పర్ జాతిని. తన ఒంటి పొడవుకు దాదాపు నలభై రెట్ల దూరం దాకా అది రెట్టను చిమ్మింది. ఎందుకంటే కందిరీగలు రెట్ట వాసన పట్టుకుని పురుగును వెతుక్కుంటూ వస్తాయి. ఇంట్లో వాసన లేకపోతే ప్రాణం నిలిచినట్టే. అంత చిన్న జీవికి తన ప్రాణం కాపాడుకోవడానికి ఇంత ఉపాయం!

ఎదిగిన గొంగళిపురుగు ఆకు మడతలోనే ప్యూపాగా మారుతుంది. ప్యూపా మీద తెల్లని పొడి ఉంటుంది, కళ్ల నడుమ చిన్న మొండి ముక్కు పొడుచుకుని ఉంటుంది. మామూలుగా సీతాకోకచిలుక ప్యూపా ఏ మరుగూ లేకుండా కొమ్మకు వేలాడుతుంది. చాలా శలభాలు పట్టుగూడు అల్లుకునో, మట్టిలోకి దిగో ఆ దశ గడుపుతాయి. ఇది నడిమి దారి పట్టింది. పట్టుదారం వాడుతుంది కానీ పూర్తి గూడు అల్లదు, ఆకునే గది చేసుకుంటుంది.

ఇన్ని విషయాల్లో ఇటూ అటూ కానట్టుండే స్కిప్పర్లను ఎక్కడ చేర్చాలన్న చర్చ శాస్త్రవేత్తల్లో చాలాకాలం నడిచింది. అసలైన సీతాకోకచిలుకలు వేరు, స్కిప్పర్లు వేరు అని రెండు పెద్ద కొమ్మలుగా విడదీసి చూపేవారు. శలభాల్లో ముందు రెక్కనూ వెనక రెక్కనూ కలిపి పట్టే ఒక వెంట్రుక కొక్కెం ఉంటుంది. సీతాకోకచిలుకల్లో అది లేదు. ఆస్ట్రేలియాలో ఉండే రీజెంట్ స్కిప్పర్ మగవాటిలో మాత్రం అది ఉంది! మధ్య, దక్షిణ అమెరికాల్లో రాత్రిపూట తిరిగే, గుండు మీసం లేని, రెక్కల మొదట్లో చెవులుండే మరో గుంపు ఉంది. దాన్ని ఏళ్ల తరబడి శలభాల్లోనే లెక్కవేశారు. 1986లో మాల్కం స్కోబుల్ అనే శాస్త్రవేత్త అవి సీతాకోకచిలుకలేనని వాదించాడు. తరువాత జన్యు పరీక్షలు ఆయన మాటను నిలబెట్టాయి.

2023లో ఈ లెక్క ఇంకా తేటపడింది. అకితో కవహారా నాయకత్వంలో అనేక దేశాల శాస్త్రవేత్తలు దాదాపు 2,300 జాతుల జన్యువులను పోల్చి సీతాకోకచిలుకల వంశవృక్షం గీశారు. పది కోట్ల సంవత్సరాల కిందట, ఇప్పటి అమెరికా ఖండాలున్న భూభాగంలో, రాత్రి తిరిగే శలభాల నుంచి సీతాకోకచిలుకలు పుట్టాయని వాళ్ల నిర్ధారణ. ఆ వృక్షంలో స్కిప్పర్లు ఎక్కడో పక్కన లేవు. తోక రెక్కల పెద్ద సీతాకోకచిలుకలు మొదట చీలిపోయాక మిగిలిన గుంపులో, నట్టనడుమ ఉన్నాయి. స్కిప్పర్లను బయటపెట్టి సీతాకోకచిలుకల వంశం చెప్పుకోవడం కుదరదన్నమాట.

ఆ పరిశోధనలోనే నాకు బాగా నచ్చిన సంగతి ఇంకొకటి ఉంది. తొలి సీతాకోకచిలుకల గొంగళిపురుగులు తిన్నది కాయధాన్యాల కుటుంబపు మొక్కలను అయి ఉంటుందని వాళ్లు తేల్చారు. కంది, శనగ, అలసంద ఆ కుటుంబమే. మన కానుగా ఆ కుటుంబమే. అంటే కొమరోలు దారిలో కానుగ చిగురు కొరుకుతున్న గొంగళిపురుగు తన వంశంలోని అతి పాత భోజనాన్నే ఇంకా తింటోంది.

మన ప్రాంతంలో దీని చుట్టాలు చాలా ఉన్నాయి. పసుపు ఆకును మడిచి లోపల పెరిగే స్కిప్పర్ గ్రాస్ డీమన్. గోధుమ రెక్కల మీద పెద్ద తెల్లమచ్చలే దాని గుర్తు. కొబ్బరి, ఈత జాతి ఆకులను చుట్టుకుని పెరిగేది జెయింట్ రెడ్‌ఐ. పేరుకు తగ్గట్టు కళ్లు ఎర్రగా ఉంటాయి, సందె చీకట్లో ఎగురుతుంది, దీపాలకూ వస్తుంది. ఫ్లాట్స్ అనే గుంపు మనల్ని మరీ తికమకపెడుతుంది. అవి వాలినప్పుడు రెక్కలను బల్లపరుపుగా, శలభం మాదిరిగానే పరిచేస్తాయి. అక్కడ కూడా మీసమే సాక్షి.

నల్లమల అనగానే మనకు పులి గుర్తొస్తుంది. 1983 నుంచి అది పులుల అభయారణ్యం, గౌరవించవలసిందే. కానీ పులిని చూడాలంటే అనుమతులు కావాలి, అదృష్టం కావాలి. ఈ సీతాకోకచిలుకకు అడవిలోకి పోనక్కర్లేదు. వాకిట్లో కానుగ ఉంటే చాలు. పిల్లలకు చూపించండి. పలకలకు దేశమంతా పేరున్న మార్కాపురంలో పిల్లల చేత పలక మీద రెండు మీసాలు గీయించండి, ఒకటి శలభానిది, ఒకటి దీనిది. గీసిన పిల్లలు మరిచిపోరు.

రైతు సోదరులకూ, ఊళ్లలో చెట్ల బాగోగులు చూసేవారికీ ఒక మనవి. కొన్ని ఏళ్లలో ఈ గొంగళిపురుగులు లెక్కకు మించి పుట్టి, కానుగ చిగురంతా తినేసి చెట్టును మోడు చేసినట్టు కనిపిస్తాయి. కింద నడిస్తే పురుగులు దారాలతో వేలాడుతూ మీద పడతాయి. కంగారుపడి మందు కొట్టించకండి. ఈ పురుగు మీ కంది జోలికి, పత్తి జోలికి, మిరప జోలికి రాదు. కానుగ మొండి చెట్టు, ఆకు పోయినా మళ్లీ చిగురేస్తుంది. పిచ్చుకలు, గోరింకలు, కందిరీగలు వచ్చి పురుగుల సంఖ్యను తగ్గిస్తాయి. మందు కొడితే పోయేది ఈ పురుగు ఒక్కటే కాదు, దాన్ని తినేవీ పోతాయి. మీ పొలంలో శనగపచ్చ పురుగును వేటాడేవాటిలో ఆ కందిరీగలూ ఆ పక్షులూ ఉన్నాయి.

ఇంకొకటి. కరెంటు తీగలకు తగులుతున్నాయని కానుగ కొమ్మలు కొట్టేస్తుంటారు. తప్పదు. కొట్టిన చోట కొద్ది వారాల్లో ఎర్రటి లేతచిగురు గుత్తులుగా వస్తుంది, ఆడ సీతాకోకచిలుకలు అక్కడికే చేరతాయి. ఆ సమయంలో రొట్టకో, మేకలకో అదే కొమ్మను మళ్లీ నరికేటప్పుడు, ఆకులు మడతపడి కుట్టినట్టున్న కొమ్మ ఒకటి రెండు వదిలేయండి. ప్యూపా నుంచి రెక్కల పురుగు బయటపడటానికి ఎక్కువ కాలం పట్టదు. ఆ తరువాత కోసుకున్నా మీకు రొట్ట తగ్గదు.